మామగారి అక్క

పరుపులు కుట్టేవాళ్ళ ఇంట్లో ఎవరు నడిచినా చప్పుడు రాదు. నేల మీద ఎప్పుడూ పల్చగా దూది పరుచుకునే ఉంటుంది. కింద దుకాణం, దాని వెనక దూది ఏకే గది, పైన ఇల్లు. మెట్ల మీద, కిటికీ ఊచల మీద, పాలగిన్నె మూత మీద, ఆఖరికి అత్తగారి కనురెప్పల మీద కూడా దూది నలకలే. మధ్యాహ్నం ఎండ వాలుగా పడే వేళకి ఆ నలకలన్నీ గాల్లోకి లేచి, దిగాలో వద్దో తేల్చుకోలేనట్టు అలా నిలబడిపోతాయి. చిన్నకోడలు ఆ ఇంటికి వచ్చిన కొత్తలో, తను మేలుకునే ఉందా, నిద్రలో ఉందా అని అనుమానమొచ్చి తన చెయ్యి తనే గిల్లుకునేది.

ఆమెది నీళ్ళలో ఉద్యోగం. ఈత కొలనులో పిల్లలకు ఈత నేర్పుతుంది. పొద్దుటి నుంచీ "కాళ్ళాడించు, గడ్డం పైకెత్తు, భయం లేదు, నేనున్నాగా" అని అరిచి అరిచి గొంతు బొంగురుపోయి, తడిజుట్టుతో, భుజం మీద తువ్వాలుతో మధ్యాహ్నానికి ఇల్లు చేరుతుంది.

"నీళ్ళలో ఉండేదాన్ని తెచ్చి దూదిలో పడేశారు," అని తోడికోడలు నవ్వేది.

"తడిస్తే బరువెక్కేది దూది అక్కా, నేను కాదు," అనేది ఈమె.

మామగారికి మతిమరుపు అప్పటికే ముదిరింది. ముందు తాళంచెవులు మరిచిపోయారు. తరవాత వీధులు, ఆ తరవాత మనుషులు. సగం ఊరు ఆయన కుట్టిన పరుపుల మీద నిద్రపోతోంది గానీ, ఆయనకు మాత్రం తన మంచం ఏదో తెలియడం లేదు. "ఆయన వెనక్కి నడుస్తున్నారు. చిన్నతనం వైపు పోతున్నారు. చెయ్యి పట్టి ముందుకు లాగకండి, వీలైనంత దూరం కూడా వెళ్ళండి," అని డాక్టరు చెప్పాడు. ఎలా వెళ్ళాలో మాత్రం చెప్పలేదు.

ఆ రోజు ఆమె మెట్లెక్కబోతుంటే దూది గదిలోంచి బావగారి గొంతు వినిపించింది. "నాన్నా, లే నాన్నా. భోజనం వేళ దాటిపోయింది. నా మాట విను." తొంగి చూస్తే, ఏకిన దూది కుప్పలో మామగారు గుండెల దాకా కూరుకుపోయి కూర్చుని ఉన్నారు. పెద్దకొడుకు బతిమాలుతున్నాడు. అత్తగారు మంచినీళ్ళ గ్లాసు పట్టుకుని నిలబడి ఉంది. "పిలిచి పిలిచి నా నోరు పడిపోయింది," అని పెద్దకోడలు గుమ్మానికి చేరగిలబడింది.

నీళ్ళలోంచి బయటికి రానని మొండికేసే పిల్లల్ని చిన్నకోడలు రోజూ చూస్తూనే ఉంటుంది. అలవాటు కొద్దీ అదే గొంతుతో, "చాలు, ఇంక బయటికి రావాలి. చెయ్యివ్వండి," అంది.

మామగారు తలెత్తారు. తడిజుట్టు చూశారు, తువ్వాలు చూశారు. మొహంలో మొండితనం ఒక్కసారిగా కరిగిపోయింది.

"అక్కా! వచ్చేశావా?" అని చెయ్యి అందించారు.

 ఒంటి నిండా దూదితో లేచి, ఆమె చిటికెనవేలు పట్టుకుని, బుద్ధిగా మెట్లెక్కి, చేతులు కడుక్కుని, పెట్టినదంతా తిన్నారు.

ఆ సాయంత్రం ఇంట్లో నవ్వులే నవ్వులు. చిన్నకోడలి మొగుడు పరుపులు వ్యానులో వేసుకుని ఇళ్ళకు చేరవేస్తుంటాడు. తిరిగొచ్చి సంగతి విని గుమ్మంలోనే కూలబడ్డాడు.

"అయితే నువ్వు మా నాన్నకు అక్కవి, అంటే నాకు మేనత్తవి. అత్తా, ఇన్ని టీనీళ్ళు పోస్తావా?"

నలుగురిలో మొగుణ్ణి 'మీరు' అనే అలవాటు ఆమెది. అది కూడా మరిచిపోయి, "నోర్ముయ్యి," అని దిండు విసిరింది.

"మరి నా సంగతో?" అంది పెద్దకోడలు. "నిన్నటిదాకా నాకు చెల్లెలి వరస. ఇప్పుడు మామగారి తోబుట్టువువి. ఇంక నీ చేత గిన్నెలు కడిగించడానికి నాకు గుండె చాలదమ్మా."

బావగారు కూడా నవ్వారు. నవ్వనిది అత్తగారు ఒక్కత్తే. పక్కమీద దుప్పటి సర్దుతూ ఉంది. సర్దిందే మళ్ళీ సర్దుతోంది. ఆయన కుర్చీలోంచి ఆవిడను చాలాసేపు చూసి, ఎంతో మర్యాదగా అడిగారు.

"ఏవండీ, మీరు ఎవరింటికొచ్చారు? మా అమ్మ లేదు, పనికెళ్ళింది. కూర్చోండి, వచ్చేస్తుంది."

ఆవిడ చేతిలో దుప్పటి జారిపోయింది. "పర్వాలేదు బాబూ," అని మాత్రం అంది.

ఆ మాటతో నవ్వులు ఆగిపోయాయి. వెనక్కి నడిచిన మనిషి పెళ్ళి దాటి, పడుచుదనం దాటి, పదేళ్ళ పిల్లవాడి దగ్గరికి చేరిపోయాడు. ఆ పిల్లవాడికి అక్క ఉంది. పెళ్ళాం ఎక్కడి నుంచి వస్తుంది?

ఆ మర్నాటి నుంచీ చిన్నకోడలి అవస్థ మొదలైంది. నాలుక తిరగడమే పెద్ద కష్టమైపోయింది. "మావయ్యా, మందు వేసుకోండి," అంటే ఆయన బిక్కమొహం వేసేవారు. "అక్కా, నన్ను 'అండి' అంటావేం? కోపమొచ్చిందా? నేనేం చేశాను?" అని కళ్ళనీళ్ళు పెట్టుకునేవారు. 'నువ్వు' అంటే తప్ప ఊరుకోరు. కొలనులో ఊరి పిల్లలందర్నీ ఒరే, ఒసే అని పిలిచే మనిషి, మొగుణ్ణి కన్న పెద్దాయన్ని 'ఒరే' అనాలంటే నోరొచ్చేది కాదు. ఒకరోజు ఆయన మందు బిళ్ళ బుగ్గన పెట్టుకుని మింగనంటే, ఆమెకు తెలియకుండానే నోరు జారింది.

"ఒరేయ్! మింగుతావా లేదా?"

పక్కన అత్తగారు తాగుతున్న టీ కప్పు సగంలో ఆగింది. ఆయన టక్కున మింగేసి, నోరు తెరిచి చూపించి, పళ్ళన్నీ కనిపించేలా నవ్వారు. అంత సంతోషం ఆయన మొహంలో చూసి ఎన్నాళ్ళయిందో.

మధ్యాహ్నం డాబా మీద పాత దూది ఎండకు పోస్తుంటే అత్తగారు అంది, "అనడమైతే అనేశావు, ఇంక వెనకా ముందూ చూడకు. ఆయన కడుపు నిండడం కావాలి నాకు." దూదిలోంచి గింజ ఏరి పారేస్తూ మళ్ళీ అందుకుంది, "ఆడబిడ్డ అర్ధమొగుడన్నారు. మా ఆడబిడ్డ ముప్పావు మొగుడు. పెళ్ళికి ముందు మా ఇంటికొచ్చి, నేను తలుపు వెనకాలే ఉన్నానని తెలిసి కూడా, 'ఈ పిల్ల మెతక, మన ఇంట్లో నెగ్గుకురాలేదు, ఇంకో సంబంధం చూద్దాం' అంది మహాతల్లి. నెగ్గుకొచ్చాను. అయినా ఆ మాట ముల్లులా ఇక్కడే ఉండిపోయింది. ఏళ్ళయింది ఒకరి గడప ఒకరు తొక్కి. హమ్మయ్య, ఆవిడ పీడ వదిలిందనుకుంటే, తీరా ఇప్పుడు నా కోడలి ఒంట్లో దూరి నా ఇంటికే వచ్చింది చూడు!"

చెబుతూ చెబుతూ తనే నవ్వేసింది. చిన్నకోడలు కూడా నవ్వింది. నవ్వుతుంటే వాళ్ళిద్దరి చుట్టూ దూది లేచింది, కాసేపు ఒకరికొకరు కనబడలేదు.

మామగారికి మధ్యాహ్నం నిద్ర పట్టేది కాదు. భోజనమయ్యాక చొక్కా విప్పుకుని, చిన్నకోడలి ముందు వీపు పెట్టి కూర్చునేవారు.

"అక్కా, గియ్యి."

"ఏం గియ్యాలిరా?"

"రోజూ గీసేదే."

ఆమెకేం తెలుసు? వేలితో వీపు మీద చేప బొమ్మ గీసింది. ఆయన తల అడ్డంగా ఊపారు. పువ్వు గీసింది, పిల్లి గీసింది, పరుపులు మోసే వ్యాను గీసింది. "అది కాదక్కా, అది కాదు," అంటూ విసుక్కుని, ఆఖరికి వెనక్కి తిరిగి ఆమె మొహంలోకి అనుమానంగా చూశారు. ఆ చూపుకు ఆమె వేలు వెనక్కి తీసుకుంది. దొంగతనం చేస్తూ పట్టుబడినట్టు అనిపించింది.

ఆ వారమంతా అదే తంతు. నిద్ర లేక ఆయన కళ్ళు గుంటలు పడ్డాయి. చూసి చూసి, ఒకరోజు ఆమె మొగుడి దగ్గర ఫోను నంబరు తీసుకుని, అత్తగారికి చెప్పకుండా ఆ అసలు అక్కకు, తన మొగుడి మేనత్తకు, ఫోను చేసింది. పెళ్ళిలో తప్ప ఆవిణ్ణి ఆమె చూసింది లేదు. బస్సులో ఒక పగలు పట్టే దూరంలో, కొడుకు దగ్గర ఉంటోంది.

విషయమంతా చెప్పింది. అవతలి నుంచి గొంతు వినబడింది. తన గొంతే తనకు వినబడ్డట్టు ఉలిక్కిపడింది చిన్నకోడలు. అదే బొంగురు.

"నన్ను అడుగుతున్నాడా?"

"రోజూ అత్తయ్యా. వీపు మీద గియ్యమంటారు. ఏం గియ్యాలో తెలియడం లేదు."

"అదా... అది బొమ్మ కాదే పిల్లా. ఇంటి దారి. మా అమ్మ మిల్లులో పని చేసేది. వాణ్ణి చూసుకోవడం నా పని. ఊరికే తప్పిపోయేవాడు వెధవ. అందుకని రోజూ వీపు మీద దారి గీసి నేర్పేదాన్ని. ఇల్లు చేరేసరికి నిద్రపోయేవాడు."

"ఎలా గియ్యాలో చెప్పండి, నేర్చుకుంటాను."

"చెబితే వచ్చేది కాదు. ఆ వీధులు ఎప్పుడో మరిచిపోయాను. నా వేలికి తెలుసంతే."

నాలుగు రోజుల తరవాత ఆవిడ చెప్పాపెట్టకుండా దిగింది. చేతికర్ర పట్టుకుని, పిట్టంత మనిషి, మెట్లెక్కుతూనే కేకేసింది. "ఒరే పింజా! ఎక్కడ్రా?" చిన్నప్పుడు మరీ తేలిగ్గా ఉండేవాడట, అందుకని దూది పింజ అని ఆ పేరు.

ఆ కేక విని మామగారు కుర్చీలోంచి లేచారు. వచ్చిన మనిషిని చూశారు. తెల్లని జుట్టు, ముడతల మొహం, కర్ర. గబుక్కున చిన్నకోడలి వెనక్కి వెళ్ళి దాక్కుని, ఆమె చెవిలో అన్నారు.

"అక్కా, నానమ్మొచ్చింది."

ఆవిడ చేతికర్ర ఎత్తింది ఎత్తినట్టే ఉండిపోయింది. ఎంత దూరం నుంచి వచ్చింది, ఎంత ఆశతో వచ్చింది! మెల్లగా బల్ల మీద కూర్చుంది. చిన్నకోడలికి భూమి చీలితే బాగుండుననిపించింది. ఎవరో దాచుకున్న పెరుగుగిన్నె ఖాళీ చేసేసిన పిల్లిలా తల వంచుకుంది.

ఆవిడ చేతికర్ర గోడకు ఆనించి, "అవున్రా నానమ్మనే," అంది. "అల్లరి చేస్తున్నావట? మీ అక్క చెప్పింది."

"లేదు నానమ్మా! అక్కనడుగు," అన్నారాయన, ఆమె భుజం మీంచి తొంగి చూస్తూ.

వంటింటి గుమ్మంలో అత్తగారు నిలబడి ఇదంతా చూసింది. మొహం గంటు పెట్టుకుని గొడవకు సిద్ధమై వచ్చిన మనిషి, ఏమనుకుందో ఏమో, లోపలికి వెళ్ళి మంచినీళ్ళు తెచ్చి ఆడబిడ్డ చేతికిచ్చింది.

"మీరు నయం వదినా. మిమ్మల్ని నానమ్మ అనైనా అన్నారు. నన్ను 'ఏవండీ, ఎవరింటికొచ్చారు' అంటున్నారు."

ఆవిడ నీళ్ళు తాగడం ఆపి మరదల్ని ఎగాదిగా చూసింది. "నీకు కోపం రావడం లేదుటే?"

"ఎవరి మీద వస్తుంది? ఆయన అబద్ధం ఆడటం లేదుగా."

 ఆవిడ గ్లాసు పక్కన పెట్టి, బల్ల మీద కాస్త జరిగి, చోటు చూపించింది. అత్తగారు కూర్చుంది. మంచి మాటలేం అనుకోలేదు వాళ్ళు. మోకాళ్ళ నొప్పుల గురించి మాట్లాడుకున్నారు. పెద్దకోడలు టీ తెచ్చిపెట్టి, చిన్నకోడలి చెవిలో, "ఇద్దరూ ఒకే బల్ల మీద! ఇవాళ పొద్దు ఎటు పొడిచిందో," అంది.

భోజనాలయ్యాక మామగారు మామూలుగానే చొక్కా విప్పి, చిన్నకోడలి ముందు వీపు పెట్టి కూర్చున్నారు. అప్పుడు మేనత్త లేచి వచ్చి చిన్నకోడలి వెనక చతికిలబడింది.

"నీ వీపు ఇటివ్వు. నేను నీ మీద గీస్తాను, నువ్వు వాడి మీద గియ్యి."

ముసలి వేలు ఆమె మెడ కింద ఆనింది. కాసేపు కదల్లేదు. దారి వెతుక్కుంటున్నట్టుంది. తరవాత కదిలింది, మొదట తడబడుతూ, ఆపైన చకచకా. ఆమె ఆ స్పర్శను పోగొట్టుకోకుండా అలాగే ఆయన వీపు మీద గీస్తూ పోయింది.

"మిల్లు గేటు," అని గొణిగింది మేనత్త.

"మిల్లు గేటు," అంది చిన్నకోడలు.

"గోడ పట్టుకుని నడు. ఇదిగో కుక్క ఉండే మలుపు. పరిగెత్తకు, పరిగెడితే వెంటపడుతుంది. వంతెన. కింద నీళ్ళు చూడకు. రంగులద్దేవాళ్ళ పెరడు, ఇవాళ నీళ్ళు ఏ రంగులో ఉన్నాయి?"

"నీలం," అన్నారు మామగారు, కళ్ళు మూసుకుని.

ఆమె వేలు ఆగింది. వెనక మేనత్త వేలు కూడా ఆగింది. కిటికీలోంచి ఎండ దూది నలకల్ని మోసుకొచ్చి ముగ్గురి మీదా పోస్తోంది. కొలను అడుగుకి వెళ్ళి పైకి చూసినప్పుడు వెలుగు ఎలా ఊగుతుందో, ఆ గది అలా ఊగుతున్నట్టనిపించింది ఆమెకు. ఎవరి చెయ్యి ఎవరిదో, తను కోడలో, అక్కో, ఎప్పటి మధ్యాహ్నంలో కూర్చుందో కాసేపు తెలియలేదు.

"మెట్లు. మన తలుపు," అంది మేనత్త చాలా మెల్లగా.

ఆ తలుపు గీసేసరికి ఆయన తల పక్కకు వాలిపోయింది. అత్తగారు దిండు తెచ్చి ఆనించింది. ఆ రోజు సాయంత్రం దాకా ఆయన కదలకుండా నిద్రపోయారు.

మేనత్త రెండు రోజులుండి పోదామని వచ్చింది, ఉండిపోయింది. నానమ్మ పాత్ర ఆవిడకు బాగానే కుదిరింది. ఆజ్ఞలు వెయ్యడం ఆవిడకు ఒకరు నేర్పాలా! ఒకరోజు అందరూ కింద గదిలో ఉన్నారు. బావగారు దబ్బనంతో పరుపుకు టాకాలు వేస్తున్నారు. అత్తగారు మూలన కూర్చుని దిండు గలేబులు కుడుతోంది. మామగారు దూది ఉండలు చేసి ఆడుకుంటున్నారు. ఉన్నట్టుండి మేనత్త కర్రతో నేల మీద కొట్టింది.

"పింజా, ఇలా రా. అక్కడ గలేబు కుడుతోందే, ఆ పిల్లని చూడు."

అత్తగారు తలెత్తింది. బావగారి దబ్బనం ఆగింది.

"ఎవరు నానమ్మా?"

"పెద్దయ్యాక నీకు ఆ పిల్లనిచ్చి పెళ్ళి చేద్దామనుకుంటున్నాం. చాలా సంబంధాలు చూశాను. ఇంతకంటే మంచి పిల్ల దొరకదు. చూడ్డానికి మెతగ్గా ఉంటుంది గానీ గట్టి పిండం. నీకిష్టమేనా?"

అత్తగారి చేతిలో సూది ఎక్కడిదక్కడే ఉంది. మొహం ఎర్రబడిపోయింది. "ఏంటి వదినా ఈ వేళాకోళం, పిల్లల ముందు," అని గొణిగింది.

మామగారు ఆవిడను చూశారు. అంతకుముందు ఎన్నోసార్లు చూసిన చూపు కాదది. ఇంటికొచ్చిన చుట్టాన్ని చూసే చూపు కాదు. నెరిసిన జుట్టునూ, కళ్ళజోడునూ, సూది పట్టుకున్న వేళ్ళనూ ఒక్కొక్కటే చూసి, తల దించుకుని, కాలి బొటనవేలితో దూది కెలుకుతూ, "అక్క ఏమంటే అదే," అన్నారు.

అందరి కళ్ళూ చిన్నకోడలి మీద పడ్డాయి. అత్తగారి కళ్ళు కూడా. లోకంలో ఏ కోడలికీ రాని పరీక్ష అది. 'కోడలు లేని అత్త గుణవంతురాలు' అని సామెతలు చెప్పుకునే లోకంలో, అత్తగారిని మామగారికి ఇచ్చి చెయ్యమంటారా, వద్దంటారా అని కోడల్ని అడుగుతున్నారు. ఆమెకు నవ్వూ ఏడుపూ కలిసి వచ్చాయి.

"నాకు చాలా నచ్చిందిరా," అంది. "చేసుకో."

"సరే," అని ఆయన పరుగులాంటి నడకతో వెళ్ళి దూది బస్తాల వెనక దాక్కున్నారు. ఎంత పిలిచినా రాలేదు. సిగ్గు!

బావగారు దబ్బనం పక్కన పెట్టి, పని ఉన్నట్టు వీధిలోకి వెళ్ళిపోయారు. తిరిగొచ్చేసరికి ఆయన కళ్ళు ఎర్రగా ఉన్నాయి. పెద్దకోడలు అడిగితే, "దూది పడింది," అన్నారు.

ఆ తరవాత ఆ ఇంట్లో నడిచిన రోజుల్ని చిన్నకోడలు ఎవరికైనా చెప్పాలంటే ఎలా చెప్పాలో తెలియదు. మామగారు అత్తగారి ఎదురుగా కూర్చోవడం మానేశారు. తలుపు చాటు నుంచి చూసేవారు. బిస్కెట్లు ఇస్తే సగం దాచి, చిన్నకోడలి చేతిలో పెట్టి, "అక్కా, ఆ పిల్లకివ్వు, నేనిచ్చానని చెప్పకు," అనేవారు. అత్తగారు వాటిని తీసుకుని, అందరూ వెళ్ళాక కిటికీ దగ్గర నిలబడి నెమ్మదిగా తినేది. జుట్టు చిక్కు తీసుకోవడానికి కూడా ఓపిక లేదనే మనిషి, పొద్దున్నే అద్దం ముందు నిలబడేది. "ఎక్కడికైనా వెళ్తున్నారా అత్తయ్యా?" అని పెద్దకోడలు అమాయకంగా అడిగితే, "ఎక్కడికీ లేదు. నీ పని నువ్వు చూసుకో," అని కసురుకునేది. కసిరి, వెనక్కి తిరిగి నవ్వుకునేది. పెళ్ళైన కొత్తలో ఆ ఇంట్లో ఒకరినొకరు కన్నెత్తి చూసుకునే తీరికే లేదట వాళ్ళకు. దుకాణం, అప్పుడే పుట్టిన పిల్లలు, చాకిరీ. ఇప్పుడు తీరింది.

మేనత్త కొడుకు వచ్చి ఆవిణ్ణి తీసుకెళ్ళాడు. వెళ్ళేముందు ఆవిడ చిన్నకోడలి వీపు మీద దారంతా మళ్ళీ ఒకసారి గీసింది. "గుర్తుందిగా? ఇంక నాకు అక్కర్లేదు, నువ్వే ఉంచుకో," అంది. అత్తగారు బస్సు దాకా వెళ్ళి, కిటికీలోంచి చిన్న దిండు అందించింది, తల ఆనించుకోవడానికి.

వానలు మొదలయ్యాయి. వానాకాలం పరుపుల వాళ్ళకు పని ఉండదు, దూది చెమ్మ పట్టి ముద్దకడుతుంది. ఇల్లంతా నెమ్మదించింది. ఒక మధ్యాహ్నం చిన్నకోడలు తడిసి ముద్దై ఇల్లు చేరి, ఎప్పటిలాగే, "ఒరే పింజా, అన్నం తిన్నావా?" అంటూ ఆయన గదిలోకి వెళ్ళింది.

మామగారు కిటికీ దగ్గర నుంచి తిరిగి చూశారు. మర్యాదగా లేచి నిలబడ్డారు.

"రండమ్మా. తడిసిపోయారే! ఎవరు కావాలి మీకు?"

ఆమె కాసేపు తలుపు పట్టుకుని నిలబడింది. "నేను... అక్కనిరా," అంది, బొంగురు గొంతు ఇంకాస్త బొంగురుగా.

"మా అక్క లేదండీ," అన్నారాయన, ఏదో జ్ఞాపకం తెచ్చుకోవడానికి ప్రయత్నించి, వదిలేసి. "కూర్చోండి. వాన తగ్గాక వెళ్దురుగాని."

ఆమె బయటికి వచ్చి మెట్ల మీద కూలబడింది. సొంత అన్నదమ్ములెవరూ లేరు ఆమెకు. ఇన్నాళ్ళూ నాటకం అనుకుంది, సేవ అనుకుంది. తమ్ముడు తనను మరిచిపోయాడని ఇంత ఏడుపు వస్తుందని ఎప్పుడూ అనుకోలేదు. మోకాళ్ళ మీద తల పెట్టుకుని వెక్కి వెక్కి ఏడ్చింది.

ఎప్పుడొచ్చిందో అత్తగారు వచ్చి పక్కన కూర్చుంది. ఏమైందని అడగలేదు. తువ్వాలు తీసి ఆమె జుట్టు తుడవడం మొదలుపెట్టింది.

"నన్ను కూడా..." అంది చిన్నకోడలు.

"తెలుసు. పొద్దున్న బిస్కెట్లిస్తే మొత్తం తనే తినేశాడు. అప్పుడే అనుకున్నాను," అంది అత్తగారు. "మొదటిసారి ఇలాగే ఉంటుంది. ఊపిరాడదు. గుండెలో మనిషి ఖాళీ చేసి వెళ్ళిపోయినట్టు ఉంటుంది. ఏడువు. నేను స్నానాల గదిలో కుళాయి తిప్పి ఏడ్చాను. నీకు ఆ అవసరం లేదు, ఎలాగూ తడిసే ఉన్నావు."

ఏడుస్తూనే చిన్నకోడలికి నవ్వొచ్చింది. "మళ్ళీ ఏం చేశారు అత్తయ్యా? ఎలా తట్టుకున్నారు?"

"ఏం చేస్తాను? వెళ్ళి మంచినీళ్ళు కావాలా అని అడిగాను. కావాలన్నాడు. ఇచ్చాను. అంతే." ఆవిడ జుట్టు ఆరిందో లేదో వేళ్ళతో చూసి, ఇంకాస్త తుడిచింది. "పద. ఒక్కడూ ఉన్నాడు."

ఇద్దరూ లోపలికి వెళ్ళారు. మామగారు మంచం మీద కూర్చుని కిటికీలోంచి వాన చూస్తున్నారు. అద్దం మీద నీళ్ళు కారుతుంటే ఎదురింటి గోడ, దీపస్తంభం, గొడుగు వేసుకుని వెళ్ళే మనుషులు అన్నీ వెనక్కి జారిపోతున్నట్టు కనిపిస్తున్నాయి. ఆయన వీళ్ళను చూసి, కాళ్ళు ముడుచుకుని చోటిచ్చారు.

"రండి, కూర్చోండి. ఖాళీగానే ఉంది. రైలు ఇప్పుడే బయల్దేరింది."

అత్తగారు ఆయన పక్కన, చిన్నకోడలు ఎదురుగా కుర్చీలో కూర్చున్నారు.

"మీరెందాకా?" అని అడిగారు అత్తగారిని.

"ఇంకా చాలా దూరం ఉందండీ," అంది ఆవిడ.

"మరి ఈ అమ్మాయి?"

"మా అమ్మాయే. నాతోనే."

"మంచిది, మంచిది. తోడుండాలి." ఆయన తలాడించి, కిందికి జారిన దుప్పటి ఎత్తి అత్తగారి ఒళ్ళో కప్పారు. "అలిసిపోయినట్టున్నారు. కాస్త పడుకోండి. నేను మేలుకునే ఉంటాను. స్టేషన్ రాగానే లేపుతాను."

అత్తగారు కోడలి వైపు ఒకసారి చూసింది. తరవాత కళ్ళజోడు తీసి కిటికీ గూట్లో పెట్టి, గోడకు తల ఆనించింది. పడుకున్నట్టు నటిస్తోందని అనుకుంది చిన్నకోడలు. కానీ కాసేపటికే ఆవిడ నోరు కొద్దిగా తెరుచుకుంది, ఊపిరి బరువెక్కింది, సన్నగా గురక కూడా వినిపించింది.

మామగారు పెదవుల మీద వేలు పెట్టి, చప్పుడు చెయ్యొద్దని చిన్నకోడలికి సైగ చేశారు. ఆమె అలాగేనని తలూపింది. బయట వాన కురుస్తూనే ఉంది.